ప్లేస్టేషన్ డిస్కులు పాడవకముందే కంప్యూటర్‌లోకి ఎక్కించుకోండి

శ్రీకాకుళం, విజయనగరం వైపు గేమ్ డిస్కులకు గీతలు ఎంత చేటో చెమ్మ కూడా అంతే చేటు. బారువ, కళింగపట్నం, భోగాపురం లాంటి సముద్రపు ఒడ్డు ఊళ్లలో మరీను. సీడీలో లేబుల్ కిందే అద్దంలా మెరిసే పల్చటి అల్యూమినియం పొర ఉంటుంది. దాని మీది వార్నిష్ లాంటి పూత ఎక్కడ లేచినా అక్కణ్నుంచి తేమ దిగి పొర చెడిపోతుంది. పైగా తుపాన్లు. 2014లో హుద్‌హుద్, 2018లో తిత్లీ, రెండూ అక్టోబరులోనే మన మీద పడ్డాయి. ప్లేస్టేషన్ 2 తయారీ 2013లోనే ఆగిపోయింది కాబట్టి పోయిన డిస్కుకు బదులు కొత్తది కొనుక్కుందామంటే దొరకదు. డిస్కులన్నీ వేసవిలో కాపీ చేసి పెట్టుకుంటే తుపాన్ల రోజులకు ఆ బెంగ ఉండదు.

ఇక్కడ చెప్పేది ప్లేస్టేషన్ 1, ప్లేస్టేషన్ 2 డిస్కుల గురించే. వీటిని మామూలు డీవీడీ డ్రైవ్ చదువుతుంది. నింటెండో కంపెనీ గేమ్‌క్యూబ్, వీ (Wii) డిస్కులను చాలా డ్రైవ్‌లు అసలు గుర్తుపట్టవు, వాటికి ఆ కన్సోల్‌నే వాడాలి. ప్లేస్టేషన్ 3 డిస్కు బ్లూరే, పైగా తాళం వేసిన డేటా. ఆ దారి వేరు.

చట్టం సంగతి ముందే చూసుకుందాం. మన కాపీరైట్ చట్టం 1957లోని 52(1)(ఏఏ) సెక్షన్ ప్రకారం, సొంతంగా కొన్న కంప్యూటర్ ప్రోగ్రామ్ పోకుండా, పాడవకుండా రక్షణ కోసం బ్యాకప్ కాపీ చేసుకోవచ్చు. ఆ కాపీని పంచడం, అమ్మడం దీని కిందికి రావు. రక్షణ తాళాలను బద్దలుకొట్టడం గురించి 2012 సవరణతో 65ఏ సెక్షన్ వచ్చింది, అదీ గుర్తుంచుకోండి. డిస్కు అమ్మేస్తే కాపీ కూడా చెరిపేయడమే సబబు.

మీ దగ్గర ఉన్నది అసలు డిస్కేనా?

సెకండ్ హ్యాండ్‌లో కొన్నవైతే ముందు ఇది తేల్చుకోవాలి. ప్లేస్టేషన్ 1 అసలు డిస్కు అడుగు నల్లగా ఉంటుంది. ప్లేస్టేషన్ 2 గేమ్ సీడీ మీద వస్తే అడుగు నీలం, డీవీడీ మీద వస్తే వెండి రంగు. ఇంట్లో రైట్ చేసిన డీవీడీ అడుగు ఊదా ఛాయలో ఉండి, రాయడం ఆగిన చోట రెండు ఛాయలు కలిసే గుండ్రటి గీత స్పష్టంగా కనిపిస్తుంది. నీలం అనగానే నకిలీ అనుకోకండి, మధ్య రంధ్రం చుట్టూ ఉన్న ప్లాస్టిక్ వలయం చూడండి. ఫ్యాక్టరీలో అచ్చయిన డిస్కుకు అక్కడ ఐఎఫ్‌పీఐ అన్న చిన్న అక్షరాలు, ఒక కోడ్ చెక్కి ఉంటాయి. లేబుల్ మీద ఎస్‌ఎల్‌ఈఎస్ అనో ఎస్‌సీఈఎస్ అనో మొదలై అయిదంకెలతో ముగిసే నంబరు ఉంటే అది పాల్ డిస్కు, అంటే యూరప్, మన దేశం వాడిన టీవీ పద్ధతికి చేసినది. ఆ నంబరు రాసిపెట్టుకోండి, తర్వాత చాలా అవసరం.

డ్రైవ్, కరెంటు

పాత డెస్క్‌టాప్‌లో ఉండే పెద్ద సాటా డీవీడీ రైటర్ అన్నిటికన్నా నమ్మకం. శ్రీకాకుళం ఏడు రోడ్ల జంక్షన్, విజయనగరం మూడు లాంతర్ల చుట్టుపక్కల కంప్యూటర్ రిపేరు షాపుల్లో అడిగి చూడండి, తీసేసిన పాత మిషన్ల డ్రైవ్‌లు దొరకొచ్చు. దాన్ని యూఎస్‌బీ కన్వర్టర్‌తో పెడితే 12 వోల్టుల అడాప్టర్ కూడా ఉండాలి, వట్టి యూఎస్‌బీ కేబుల్‌తో తిరగదు. సన్నటి యూఎస్‌బీ డ్రైవ్ అయితే నేరుగా కంప్యూటర్ వెనక పోర్టులో పెట్టండి. అడాప్టర్ లేని హబ్‌లో పెడితే డిస్కు తిరగడం మొదలవగానే కరెంటు చాలక డ్రైవ్ మాయమై మళ్లీ కనిపిస్తుంది. చాలామంది దీన్ని డిస్కు తప్పనుకుంటారు.

కరెంటు ఎప్పుడు పోతుందో తెలియని చోట ల్యాప్‌టాప్ మేలు. ఇన్వర్టర్ మారే ఆ ఒక్క క్షణానికి డెస్క్‌టాప్ రీస్టార్ట్ అయితే కాపీ మొదటికొస్తుంది. విండోస్‌లో స్లీప్‌ను ‘నెవర్’ చేసి మొదలుపెట్టండి. కాపీ వెళ్లే హార్డ్ డిస్కు ఫార్మాట్ ఎన్‌టీఎఫ్‌ఎస్ గానీ ఎక్స్‌ఫ్యాట్ గానీ అయి ఉండాలి. ఫ్యాట్32లో ఒక ఫైలు 4 జీబీ దాటకూడదు, ప్లేస్టేషన్ 2 డీవీడీలు చాలా దాటుతాయి. 1 టీబీ డిస్కులో 4.7 జీబీ నిండు డీవీడీలైనా 200 పైచిలుకు పడతాయి.

తుడవడం

మెత్తటి మైక్రోఫైబర్ గుడ్డతో మధ్య నుంచి అంచుకు తిన్నగా తుడవాలి, గుండ్రంగా తిప్పకూడదు. డేటా గుండ్రటి దారిలోనే రాసి ఉంటుంది. అడ్డంగా పడ్డ గీత ఆ దారిని ఒక్క చోట చిన్నగా కోస్తుంది, అంతవరకూ డ్రైవ్ సర్దుకుంటుంది. సీడీ అయితే దారి వెంబడి సుమారు 2.5 మిల్లీమీటర్ల నష్టాన్ని పూరించుకోగలదు. దారి వెంటే సాగే గుండ్రటి గాటు ఆ హద్దు దాటేస్తుంది. కన్సోల్ నడుస్తుండగా కదిపితే పడేది ఈ గుండ్రటి గాటే.

మరక పోకపోతే రెండు చుక్కల గిన్నెల సబ్బు నీళ్లు, లేదా మందుల షాపులో దొరికే ఐసోప్రొపైల్ ఆల్కహాల్. థిన్నర్, అసిటోన్ ఉన్న నెయిల్ పాలిష్ రిమూవర్ తగిలితే ప్లాస్టిక్ తెల్లబడిపోతుంది. టూత్‌పేస్టు చిట్కా ఇంకా ఎందుకు బతికుందో అర్థం కాదు, అది కొత్త గీతలు పెడుతుంది.

బూజు మచ్చలుంటే పై నుంచి లైటు పట్టి చూడండి. లేబుల్ వైపు సూది మొనంత చుక్కల్లోంచి వెలుగు కనిపిస్తే అక్కడ పొర పోయినట్టే, ఎంత తుడిచినా రాదు. వరద నీళ్లలో తడిసిన డిస్కుకు బురద ఆరనివ్వకండి. తడిగా ఉండగానే మంచినీళ్లు ధారగా పోసి కడిగి నీడలో ఆరబెట్టాలి. ఎండిన ఇసుకను తుడిస్తే గరుకు కాగితంతో రుద్దినట్టే.

ప్లేస్టేషన్ 2 డీవీడీ

విండోస్‌లో డిస్కును ఫైలుగా తీసే ఇమ్జ్‌బర్న్ ప్రోగ్రామ్ చాలు, ఉచితం. ఇన్‌స్టాల్ చేసేటప్పుడు ప్రతి టిక్కూ చదివి, అక్కర్లేని అదనపు ప్రోగ్రాములకు టిక్ తీసేయండి.

1. డిస్కు పెట్టి, మొదటి తెరలో ‘క్రియేట్ ఇమేజ్ ఫైల్ ఫ్రమ్ డిస్క్’ నొక్కండి.
2. ఫైలు ఎక్కడికి వెళ్లాలో చూపించి, పేరుగా గేమ్ పేరు, దాని పక్కన డిస్కు నంబరు పెట్టండి. ఫైలు ఐఎస్‌వో (డిస్కు డేటా మొత్తం ఒకే ఫైలుగా) అయి ఉండాలి.
3. చదివే వేగం 4ఎక్స్ పెట్టండి. నిండు సింగిల్ లేయర్ (ఒకే డేటా పొర) డిస్కుకు సుమారు 14 నిమిషాలు, 8.5 జీబీ డబుల్ లేయర్‌కు 26 నిమిషాలు పడుతుంది.
4. సెట్టింగ్స్‌లో ‘ఇగ్నోర్ రీడ్ ఎర్రర్స్’కు టిక్ లేకుండా చూసుకుని రీడ్ బొమ్మ నొక్కండి.

నాలుగోదాని మీదే ఎక్కువ కాపీలు చెడిపోతాయి. ఆ టిక్ ఉంటే చదవలేని చోట సున్నాలు నింపుకుంటూ ముందుకు పోతుంది. చివర్లో ఫైలు సైజు సరిగ్గానే ఉంటుంది, గేమ్ మొదలవుతుంది కూడా. ఎక్కడో మధ్యలో లెవల్ లోడ్ కాక ఆగిపోయినప్పుడు గానీ తెలియదు. అప్పటికి డిస్కు ఇంకా పాడై ఉంటుంది.

డబుల్ లేయర్ డిస్కు సరిగ్గా సగం దగ్గర నిలిచిపోతే అది రెండో పొరకు మారే చోటు. లెన్స్ బలం తగ్గిన డ్రైవ్‌లు అక్కడే చతికిలబడతాయి. డిస్కును అనుమానించే ముందు వేరే డ్రైవ్ పెట్టి చూడండి.

ప్లేస్టేషన్ 1 డిస్కుకు ఐఎస్‌వో పనికిరాదు

డిస్కులో డేటా సెక్టార్లనే చిన్న ముక్కలుగా ఉంటుంది, ఐఎస్‌వో ఒక్కో సెక్టార్ నుంచి 2048 బైట్లే తీసుకుంటుంది. ఈ డిస్కుల్లో సెక్టార్ మొత్తం 2352 బైట్లు, వీడియోలు, మాటలు ఉండే సెక్టార్లలో అసలు డేటాయే 2324 బైట్లు. పైగా కొన్ని గేముల సంగీతం వేరే ఆడియో ట్రాకులుగా ఉంటుంది. ఐఎస్‌వో చేస్తే గేమ్ వస్తుంది గానీ పాటా మాటా ఉండవు. అందుకే డేటా అంతా ఉండే బిన్ ఫైలు, దాని ట్రాకుల వివరాలుండే క్యూ ఫైలు జతగా కావాలి. ఇమ్జ్‌బర్న్‌లో అదే బటన్, వేగం 8ఎక్స్ చాలు, సుమారు 10 నిమిషాల పని. రీడ్ నొక్కే ముందు ఫైలు పేరు చివర బిన్ ఉందో లేదో చూడండి. నీలం అడుగున్న ప్లేస్టేషన్ 2 సీడీలకూ ఇదే పద్ధతి.

క్యూ అనేది నోట్‌ప్యాడ్‌లో తెరుచుకునే చిన్న టెక్స్ట్ ఫైలు. అందులో బిన్ ఫైలు పేరు రాసి ఉంటుంది. తర్వాత బిన్ పేరు మార్చి క్యూ లోపల మార్చకపోతే గేమ్ తెరుచుకోదు. ‘కాపీ పాడైంది’ అని వచ్చే ఫిర్యాదుల్లో చాలావాటికి కారణం ఇంతే.

పాల్ గేములతో ఇంకో చిక్కుంది. కొన్నింటిలో లిబ్‌క్రిప్ట్ అనే రక్షణ ఉంటుంది. దాని తాళంచెవి మామూలు డేటాలో కాకుండా పక్కనే సాగే సబ్‌ఛానెల్‌లో దాగి ఉంటుంది, బిన్, క్యూ జత దాన్ని మోయదు. కాపీ పూర్తిగా శుభ్రంగా ఉన్నా గేమ్ కొంత నడిచి బిగుసుకుపోతుంది. అలాంటి డిస్కును రీడంపర్ గానీ డిస్క్‌ఇమేజ్‌క్రియేటర్ గానీ, ఈ కమాండ్ ప్రోగ్రాముల్లో ఒకటి వాడి సబ్‌ఛానెల్‌తో సహా తీయాలి. కమాండ్ల జోలికి వెళ్లలేని వాళ్లకు ఈ రెండింటినీ బటన్లతో నడిపే మీడియా ప్రిజర్వేషన్ ఫ్రంటెండ్ ఉంది. కంప్యూటర్‌లోనే ప్లేస్టేషన్ 1 గేములు ఆడించే ఎమ్యులేటర్ ప్రోగ్రామ్ డక్‌స్టేషన్‌లో ఆడేటప్పుడు, ఆ సబ్‌ఛానెల్ సమాచారం ఉండే ఎస్‌బీఐ ఫైలు క్యూ పక్కనే అదే పేరుతో ఉండాలి.

సరిపోల్చకపోతే అది బ్యాకప్ కాదు

సెవెన్‌జిప్ ఇన్‌స్టాల్ చేసుకుంటే ఫైలు మీద రైట్ క్లిక్‌లోనే షా-1 లెక్క, అంటే ఫైలు వేలిముద్ర లాంటి కోడ్ వస్తుంది. అసలు డిస్కుల లెక్కలన్నీ ఉండే ఇంటర్నెట్‌లోని రీడంప్ డేటాబేస్‌లో మీ డిస్కు నంబరు వెతికి, అక్కడి షా-1తో పోల్చండి. ఒక్క అక్షరం తేడా లేకపోతే మీ కాపీ బైటు బైటుకూ సరైనదే, ఇక దిగుల్లేదు. తేడా వస్తే వెంటనే డిస్కును తిట్టకండి. ఒకే గేమ్ మొదటి ముద్రణ, తర్వాత తక్కువ ధరకు వచ్చిన ప్లాటినమ్ ముద్రణ వేరుగా ఉండొచ్చు. బహుళ ట్రాకుల ప్లేస్టేషన్ 1 గేములను రీడంప్ ట్రాకుకో ఫైలుగా లెక్కిస్తుంది, ఇమ్జ్‌బర్న్ మొత్తం ఒకే బిన్ ఇస్తుంది, కాబట్టి ఆ రెండూ ఎప్పటికీ కలవవు. రీడంపర్‌తో తీసినప్పుడు డేటా ట్రాకు కలిసి ఆడియో ట్రాకులే కలవకపోతే డ్రైవ్ ఆఫ్‌సెట్ సరిదిద్దుకోలేదన్నమాట. ప్రతి డ్రైవ్ ఆడియోను కొన్ని శాంపిళ్లు (ధ్వని ముక్కలు) ముందో వెనకో చదువుతుంది, ప్లెక్స్‌టర్ కంపెనీ డ్రైవ్‌లు చాలావాటికి ఆ తేడా 30. చెవికి తెలియదు, లెక్కకు తెలుస్తుంది.

డేటాబేస్‌లో లేని డిస్కయితే రెండుసార్లు తీయండి, మధ్యలో డిస్కు బయటకు తీసి మళ్లీ పెట్టండి. వీలైతే రెండోసారి వేరే డ్రైవ్‌లో. రెండు షా-1లూ ఒకటైతే చాలావరకు నమ్మొచ్చు. తొందరగా చూసుకోవాలంటే ఇంకో చిట్కా: ఐఎస్‌వో సైజు 2048తో, బిన్ సైజు 2352తో శేషం లేకుండా భాగించబడాలి. లేకపోతే కాపీ మధ్యలో తెగింది.

మొండికేసిన డిస్కు

తుడిచి, వేగం తగ్గించి, డ్రైవ్ మార్చినా రాని డీవీడీకి లైనక్స్‌లో డీడీరెస్క్యూ అనే ప్రోగ్రామ్ ఉంది. సెక్టార్ సైజు 2048 ఇచ్చి, ఏ చోటు చదివిందో ఏది చదవలేదో రాసుకునే మ్యాప్ ఫైలు తప్పనిసరిగా పెట్టండి. ముందు సులువుగా వచ్చేవన్నీ లాగేసి, మొండి చోట్లకు తర్వాత తిరిగొస్తుంది. కరెంటు పోయినా మ్యాప్ ఫైలు వల్ల ఆగిన చోటి నుంచే మొదలవుతుంది. ఇంకా గొప్ప సంగతి, అదే మ్యాప్‌తో డిస్కును రెండో డ్రైవ్‌లో పెడితే మొదటిది చదవలేని ఖాళీలనే వెతికి నింపుతుంది. ప్లేస్టేషన్ 1 డిస్కుల 2352 బైట్ల సెక్టార్లకు మాత్రం ఇది పనికిరాదు.

షాపుల్లో మిషన్‌తో పాలిష్ పట్టిస్తే అడుగు వైపు గీతలు పోతాయి. ప్రతిసారీ ప్లాస్టిక్ కొంత అరిగిపోతుంది కనుక అది చివరి అస్త్రం. లేబుల్ వైపు దెబ్బకు పాలిష్ మందు కాదు.

దాచుకోవడం

సరిచూసిన తర్వాత చోటు ఆదా కావాలంటే సీహెచ్‌డీ అనే కుదించిన ఫైలుగా మార్చుకోండి. సీహెచ్‌డీమ్యాన్ (chdman) అనే చిన్న ప్రోగ్రామ్ ఆ పని చేస్తుంది, సమాచారం ఏమీ పోదు, డక్‌స్టేషన్, ప్లేస్టేషన్ 2 ఎమ్యులేటర్ పీసీఎస్‌ఎక్స్2 రెండూ దాన్ని నేరుగా తెరుస్తాయి. ఎమ్యులేటర్‌కు కావాల్సిన బయోస్ (కన్సోల్ లోపలి మూల ప్రోగ్రామ్) కూడా మీ కన్సోల్ నుంచే తీసుకోవాలి.

రెండు హార్డ్ డిస్కుల్లో పెట్టండి, ఒకటి వేరే ఇంట్లో, కుదిరితే వేరే ఊళ్లో. విశాఖలోనో హైదరాబాద్‌లోనో ఉన్న తమ్ముడి బీరువా ఇందుకు పనికొస్తుంది. పెన్‌డ్రైవ్‌లను ఏళ్ల తరబడి నమ్మకండి. అసలు డిస్కులను రేకుల ఇంటి అటక మీద పెట్టొద్దు, కలరా ఉండలు వేసిన బీరువాలోనూ వద్దు. మూత గట్టిగా పడే డబ్బాలో సిలికా జెల్ పొట్లాలతో నిలబెట్టి ఉంచండి, వానాకాలం పోగానే పొట్లాలు మార్చండి.

డిస్కు కాపీలో సేవ్ గేములు ఉండవన్న సంగతి చాలామంది మరిచిపోతారు. అవి మెమరీ కార్డులో (ప్లేస్టేషన్ 2కి 8 ఎంబీ, ప్లేస్టేషన్ 1కి 128 కేబీ) ఉంటాయి, వాటిని వేరుగా తీసుకోవాలి.