పైనాపిల్ స్వీట్ అండ్ సోర్ చికెన్: ఎక్కడ చెడుతుంది, ఎలా సరిచేయాలి

ఇంట్లో స్వీట్ అండ్ సోర్ చికెన్ కుదరకపోతే చాలామంది సాసునే అనుమానిస్తారు. ఇంకో చెంచా పంచదార, ఇంకాస్త వెనిగర్ కలిపి చూస్తారు. తప్పు మాత్రం చాలాసార్లు అంతకు ముందే, కోడి కడిగిన దగ్గరో పండు కోసిన దగ్గరో జరిగిపోయి ఉంటుంది. మన కోడికూరలో ముక్క, మసాలా, పులుసు కలిసి ఉడుకుతాయి. ఇందులో అలా కుదరదు. ముక్క విడిగా వేగాలి, పండు విడిగా వేడెక్కాలి, సాసు విడిగా చిక్కబడాలి. మూడూ కలిసి పొయ్యి మీద ఉండేది ఒక్క నిమిషమే. చైనాలో కాంటన్ వైపు దీన్ని పంది మాంసంతో చేసి గూ లౌ యుక్ అంటారు. కోడితో చేసినా పద్ధతి అదే.

కింద చెప్పే సవరణలన్నీ ఈ కొలతల మీద ఆధారపడినవి. బోన్‌లెస్ చికెన్ అర కిలో, పైనాపిల్ ముక్కలు 200 గ్రాములు, క్యాప్సికమ్ ఒకటి, ఉల్లిపాయ ఒకటి. ముక్కలకు ఒక గుడ్డు తెల్లసొన, ముప్పావు టీస్పూన్ ఉప్పు, అర టీస్పూన్ మిరియాల పొడి, 4 టేబుల్ స్పూన్ల కార్న్‌ఫ్లోర్, 2 టేబుల్ స్పూన్ల మైదా. సాసుకు టమాటా కెచప్ 4 టేబుల్ స్పూన్లు, పంచదార 4, వెనిగర్ 3, సోయా సాస్ ఒక టీస్పూన్, పైనాపిల్ రసం గానీ నీళ్లు గానీ 100 మిల్లీలీటర్లు. చిక్కదనానికి 2 టీస్పూన్ల కార్న్‌ఫ్లోర్‌ను 2 టేబుల్ స్పూన్ల చన్నీళ్లలో కలిపి పెట్టుకోవాలి.

ముక్క పైన జిగురుగా, లోపల పిండిపిండిగా ఉంది

వేలితో నొక్కితే కోడి ముక్క కాస్త వెనక్కి తన్నాలి. అలా కాకుండా వేలు దిగబడి, పీచు విడిపోయి, నోట్లో తడిపిన పిండి ముద్దలా అనిపిస్తే కారణం దాదాపు ఎప్పుడూ ఒక్కటే: పచ్చి (అంటే కాచని) పైనాపిల్ రసం మాంసానికి తగిలింది. పైనాపిల్‌లో బ్రోమిలైన్ అనే ఎంజైమ్ ఉంటుంది. అది మాంసకృత్తులను తెగ్గొడుతుంది. పచ్చి పండు ఎక్కువ తింటే నాలుక చురుక్కుమనడంలోనూ దానికి పాత్ర ఉంది. రుచి పడుతుందని కోడిని ఈ రసంలో గంటసేపు నానబెడితే పై పొర కరిగినట్టు అయిపోతుంది. రాత్రంతా ఫ్రిజ్‌లో ఉంచితే ఇక ముక్కే మిగలదు. ఫ్రిజ్ చల్లదనానికి ఎంజైమ్ పని నెమ్మదిస్తుందే తప్ప ఆగదు. బొప్పాయికాయ పాలతో, కివీ పండుతో కూడా ఇదే ఇబ్బంది. ముదురు మటన్‌కు పచ్చి బొప్పాయి పట్టించేది ఈ గుణం కోసమే. కోడికి ఆ అవసరం లేదు.

కాబట్టి కోడిని పండు రసంలో నానబెట్టకండి. పండు రుచంతా సాసులోంచే రావాలి. పైనాపిల్‌ను 2 సెంటీమీటర్ల ముక్కలు కోసి, నూనె లేని వేడి పెనం మీద మూడు నిమిషాలు తిప్పండి. ముక్క లోపలిదాకా వేడెక్కాలి, అంచులకు కాస్త గోధుమరంగు రావాలి. ఎంజైమ్ వేడికి చచ్చిపోతుంది. పైగా పండులో ఉన్న నీరు కొంత ఇగిరి తీపి చిక్కబడుతుంది. సాసులో పోసే రసాన్ని కూడా రెండు నిమిషాలు మరగనివ్వాలి. డబ్బా పైనాపిల్‌ను తయారీలోనే వేడిచేస్తారు గనుక దానితో ఈ బెడద లేదు. కాకపోతే అది పంచదార పాకంలో ఉంటుంది, సాసులో పంచదార ఒకటిన్నర టేబుల్ స్పూన్లు తగ్గించాలి.

ఇప్పటికే మెత్తబడిన ముక్క మళ్లీ గట్టిపడదు. దాన్ని పారేయక్కర్లేదు. చిదిమి, రెండు టేబుల్ స్పూన్ల కార్న్‌ఫ్లోర్, గుడ్డు కలిపి చిన్న ఉండలుగా వేయించి అదే సాసులో వేయవచ్చు.

వేసవిలో పైనాపిల్ బదులు మామిడి వాడటం మన దగ్గర తేలిక. నూజివీడు వైపు నుంచి కాయ వచ్చే రోజుల్లో బాగా మాగిన బంగినపల్లి మాత్రం వద్దు. అది సాసులో కరిగి గుజ్జయిపోతుంది. దోరగా ఉన్న కలెక్టర్ కాయ సరిగ్గా సరిపోతుంది, ముక్క నిలుస్తుంది, పులుపూ ఉంటుంది. దాన్ని ముందుగా వేయించక్కర్లేదు. చివరి నిమిషంలో వేసి, వెనిగర్ ఒక టేబుల్ స్పూన్ తగ్గిస్తే చాలు.

పై పొర ఊడిపోతోంది, లేదా సాసులో వేయగానే నానిపోతోంది

ఈ రెండూ వేరువేరు జబ్బులు. నూనెలోనే పొర ఊడి అడుగున పేరుకుంటే ముక్క తడిగా ఉందన్నమాట. కోడి కడిగాక చిల్లుల గిన్నెలో పది నిమిషాలు వార్చి, ఆ తర్వాత కాగితంతో గానీ శుభ్రమైన నూలు గుడ్డతో గానీ ఒత్తి తుడవాలి. అలవాటు కొద్దీ పెరుగు, అల్లంవెల్లుల్లి ముద్ద దండిగా పట్టిస్తే అవి కూడా నీరు వదులుతాయి. ఇందులో పెరుగు వద్దు. అల్లంవెల్లుల్లి కావాలంటే అర టీస్పూన్ మించకూడదు. తెల్లసొన, ఉప్పు పట్టించి పావుగంట ఆగాక పొడి పిండిలో దొర్లించి, అయిదు నిమిషాలు పళ్లెంలో వదిలేయండి. పిండి తడిని పీల్చుకుని ముక్కను పట్టుకుంటుంది. పళ్లెంలో ఉన్న ముక్కను ముట్టుకుంటే వేలికి పొడి అంటకూడదు, జిగురూ అంటకూడదు.

వేగినప్పుడు బాగానే ఉండి సాసులో నానిపోతే ఒకేసారి వేయించారని అర్థం. రెండుసార్లు వేయించాలి. మొదట నూనె 160 డిగ్రీల దగ్గర నాలుగు నిమిషాలు. థర్మామీటర్ లేకపోతే పిండి చుక్క వేసి చూడండి. అడుగుకు దిగి నెమ్మదిగా తేలితే ఆ వేడి. తీసి అయిదు నిమిషాలు జాలీ మీద ఆరనివ్వాలి. ఆ వ్యవధిలో లోపలి తడి పైకి వస్తుంది. తర్వాత నూనెను 185 డిగ్రీల దాకా, అంటే పిండి చుక్క వేయగానే చటుక్కున తేలేదాకా కాచి, ఒక నిమిషం నుంచి ఒకటిన్నర నిమిషం వేయించాలి. ముక్కల చుట్టూ బుడగలు పలచబడి, చిటపట సన్నగిల్లితే తీసేయవచ్చు. ఇంటి గ్యాస్ పొయ్యి మీద అర కిలోను మూడు వాయిలుగా వేయించాలి. అంతా ఒకేసారి గుమ్మరిస్తే నూనె చల్లారి ముక్క వేగే బదులు ఉడుకుతుంది, నూనె పీలుస్తుంది.

పిండి మొత్తం మైదాయే అయితే పొర రొట్టెలా మెత్తగా ఉంటుంది. మొత్తం కార్న్‌ఫ్లోరే అయితే పెళుసుగా పగులుతుంది. రెండు వంతుల కార్న్‌ఫ్లోర్‌కు ఒక వంతు మైదా మంచి మేళవింపు. కొనేటప్పుడు తెల్లటి, పట్టులాంటి కార్న్‌ఫ్లోర్ చూసుకోవాలి. పసుపుపచ్చని మొక్కజొన్న పిండి దీనికి పనికిరాదు.

సాసు నీళ్లలా ఉంది, లేదా చిక్కబడి మళ్లీ పలచబడింది

మొదటి రకానికి కారణాలు రెండు. కార్న్‌ఫ్లోర్ గంజి పోశాక సాసు పొంగు రాకముందే దించేయడం ఒకటి. పిండి దాదాపు మరిగే వేడికి చేరితేనే పూర్తిగా ఉబ్బి సాసును పడుతుంది. రెండోది పండు, కూరగాయలు నీరు వదలడం. పైనాపిల్‌ను ముందే వేయించి ఉంటే సగం పని అయినట్టే. ఉల్లిపాయ, క్యాప్సికమ్‌లను పెద్ద మంట మీద 40 సెకన్లు మాత్రమే తిప్పి పక్కన పెట్టాలి. వాటికి ఉప్పు వేయకూడదు.

చిక్కబడ్డ సాసు పలచబడటం చాలామందిని గాభరా పెడుతుంది. గంజి కలిపిన తర్వాత వెనిగర్ ఉన్న సాసును పది, పదిహేను నిమిషాలు మరిగిస్తే ఆమ్లం, వేడి కలిసి పిండి పొడవాటి గొలుసులను తెగ్గొడతాయి, పట్టు పోతుంది. దీనికి వరస మార్చాలి. కెచప్, పంచదార, రసం, సోయా సాస్ మూడు నిమిషాలు మరగనిచ్చి, వెనిగర్ పోసి, కలిపి పెట్టిన గంజిని మళ్లీ తిప్పి (పిండి అడుగుకు దిగి ఉంటుంది) సన్నని ధారగా పోస్తూ కలపాలి. పొంగు వచ్చాక ఒక నిమిషం చాలు. గరిటె వెనక వేలితో గీత గీస్తే ఆ గీత కలవకుండా నిలవాలి. రుచి చూసిన చెంచాను తిరిగి సాసులో ముంచితే కూడా ఇదే జరగవచ్చు, మన లాలాజలంలోని ఎంజైమ్ పిండిని కరిగిస్తుంది.

పలచబడిపోయిన సాసును ఇంకా మరిగించడం వృథా. ఒక టీస్పూన్ కార్న్‌ఫ్లోర్‌ను చన్నీళ్లలో కలిపి కొత్తగా పోయండి. వేడి సాసులో పొడి పిండి చల్లితే గడ్డలు కడుతుంది.

కారం మిగతా రుచులను మింగేసింది

మన వైపు ఇది తప్పకుండా వచ్చేదే. ఎర్ర రంగు కోసం ఒక చెంచా గుంటూరు కారం వేస్తే తీపి, పులుపు రెండూ వెనక్కి పోతాయి, పండు వాసన అసలే తెలియదు. ఈ వంటకు ఎరుపు కెచప్ నుంచి రావాలి. ఇంకాస్త రంగు కావాలంటే బ్యాడిగి మిరప పొడి పావు టీస్పూన్. దానికి రంగు ఎక్కువ, మంట తక్కువ. కారం లేనిదే ముద్ద దిగని ఇల్లయితే 334 రకం ఎండుమిర్చి మూడు తీసుకుని, తొడిమలు తుంచి, గింజలు రాల్చి, నూనెలో పది సెకన్లు వేయించి తీసేసి, ఆ నూనెలోనే సాసు చేయండి. తేజ మిర్చి దీనికి వద్దు, దాని ఘాటు మరీ ఎక్కువ. ఇప్పటికే కారం ఎక్కువైతే నీళ్లు కాదు, 50 మిల్లీలీటర్ల కాచిన పైనాపిల్ రసం, అర టేబుల్ స్పూన్ పంచదార కలపాలి.

వెనిగర్ ముక్కుకు కొడుతోంది, పులుపు పదునుగా ఉంది

కిరాణా కొట్టులో దొరికే వెనిగర్ ఎక్కువగా సింథటిక్ రకం, వాసన కటువుగా ఉంటుంది. సగం వెనిగర్, సగం చిక్కటి చింతపండు రసం వాడితే పులుపు గుండ్రపడుతుంది, కానీ సాసు గోధుమరంగుకు తిరుగుతుంది. రంగు ముఖ్యమనుకుంటే రైస్ వెనిగర్ కొనడం మేలు. నిమ్మరసం వాడితే పొయ్యి దించాకే పిండాలి, మరిగితే చేదెక్కుతుంది. ఉప్పు సరిపోనప్పుడు కూడా పులుపు ఒంటరిగా నాలుకకు తగులుతుంది. పంచదార పెంచే ముందు చిటికెడు ఉప్పు వేసి చూడండి.

సాసులో లోహపు రుచి

అల్యూమినియం మూకుడు, లేదా సరిగ్గా పదును పట్టని ఇనుప బాణలి. వెనిగర్ వాటితో కలబడుతుంది. సాసుకు స్టీలు గిన్నె గానీ నాన్‌స్టిక్ గానీ వాడండి. ఇనుప బాణలిని వేయించడానికి ఉంచుకోండి.

ముక్క ఎండిపోయి పీచులా ఉంది

కొట్లో బోన్‌లెస్ అంటే ఎక్కువగా రొమ్ము ముక్కే కట్టిస్తారు. దానిలో కొవ్వు తక్కువ, ఒక నిమిషం ఎక్కువ వేగినా ఎండుతుంది. లెగ్ బోన్‌లెస్ అని చెప్పి తొడ మాంసం తీయించుకోండి. ముక్కలు కొట్టించకుండా తెచ్చుకుని ఇంట్లో రెండున్నర సెంటీమీటర్ల ముక్కలు కోస్తే అన్నీ ఒకేసారి వేగుతాయి. రొమ్ము ముక్కే ఉంటే అర కిలోకు పావు టీస్పూన్ వంటసోడా పట్టించి పావుగంట తర్వాత బాగా కడిగి తుడవాలి. అంతకు మించితే సబ్బు రుచి వస్తుంది. సోడా వేసేటప్పుడు పసుపు వేయకూడదు. క్షారం తగిలి పసుపు ఎర్రబారుతుంది, ముక్క చూడటానికి అనుమానం పుట్టించేలా ఉంటుంది.

రాత్రి చేసింది పొద్దున్నకు ముద్దయింది

కలిపాక పెళుసుదనం పది నిమిషాల కంటే నిలవదు. విజయవాడ ఉక్కలో అంతసేపు కూడా ఉండకపోవచ్చు. అందరూ ఒకేసారి తినడం కుదరని ఇంట్లో సగం ముక్కలనే సాసులో కలపండి. మిగిలినవి మూత లేని పళ్లెంలో పూర్తిగా చల్లారాక డబ్బాలో పెట్టి ఫ్రిజ్‌లో ఉంచాలి. సాసు వేరే గిన్నెలో. ఎండాకాలంలో గంటకు మించి బయట వదలకండి. మర్నాడు ముక్కలను 190 డిగ్రీల ఎయిర్ ఫ్రయర్‌లో గానీ పొడి పెనం మీద గానీ లోపలిదాకా పొగలు కక్కేలా కాచి, సాసును విడిగా పొంగు రానిచ్చి, వడ్డించే పళ్లెంలోనే మీద పోయండి. ఫ్రిజ్‌లో సాసు గడ్డలా బిగుసుకుని ఉంటే రెండు టేబుల్ స్పూన్ల వేడినీళ్లు కలిపి సన్న సెగన తిప్పితే వదులవుతుంది.