దొండాకు, బొగ్గుతో నల్లబల్లకు పసరు పట్టించే విధానం

1959లో పంచాయతీరాజ్ వ్యవస్థ ఏర్పడి ప్రాథమిక పాఠశాలలు పంచాయతీ సమితుల కిందికి వచ్చిన కాలంలో, గుంటూరు, విజయవాడ చుట్టుపక్కల పల్లెల్లో చదువుకున్నవారికి వేసవి సెలవుల తర్వాత నల్లబల్లకు పసరు పట్టించిన రోజు గుర్తుండే ఉంటుంది. మాస్టారు పురమాయించగానే పిల్లలు పొయ్యిలోని బొగ్గులు, కంచెమీది దొండాకులు పోగుచేసుకొచ్చేవారు. ఈ పని చేతులారా చేసినవారు మన మధ్య ఉండగానే నేటి పిల్లలు దానిని నేర్చుకోవాలన్నది నా కోరిక.

ముందుగా బల్లను తడిగుడ్డతో తుడిచి, సుద్ద ఆనవాలు లేకుండా చేసి ఆరనివ్వాలి. సుద్ద మిగిలితే ఎంత పసరు పూసినా బల్ల బూడిదరంగులోనే ఉంటుంది.

బొగ్గు విషయంలో తొందర కూడదు. తుమ్మబొగ్గు మేలు. సగం కాలిన కొరకంచులోని పీచు బల్లమీద గరుకుగా నిలిచి, రాసేటప్పుడు సుద్దముక్కను విరిచేస్తుంది కనుక, నలుపు లోపలిదాకా పట్టిన బొగ్గునే ఏరుకొని, దంచి, వస్త్రగాళితం పట్టాలి, అంటే పలుచని గుడ్డలో జల్లించాలి. రెండు వేళ్ళ మధ్య నలిపితే ఒక్క పలుకైనా తగలకూడదు.

పచ్చి దొండాకులను రోట్లో మెత్తగా నూరుతూ ఆ పొడిని కొద్దికొద్దిగా కలపాలి. నీళ్ళు పోయరాదు, పలుచనైతే కారి చారలు కడుతుంది. ముద్దను నొక్కితే చెమ్మ ఊరి, వేలికి చిక్కగా నలుపు అంటితే పాకం కుదిరినట్టే. బొగ్గును చెక్కకు పట్టి ఉంచేది ఆ ఆకుపసరే.

ముద్దను పాత నూలుగుడ్డలో మూటకట్టి, బల్లపై పైనుంచి కిందికి రుద్దాలి. పై అంచు అందేది పెద్ద తరగతి పిల్లలకే కనుక మాస్టారు వారిని కూర్చునే బెంచీమీద నిలబెట్టి, చిన్నవారికి నూరే పని అప్పగించేవారు; ఎవరూ ఊరక కూర్చోకుండా చేసే ఈ పద్ధతిని ఇప్పుడూ పాటించడం మంచిది. మొదటి పూత ఆరాక రెండోది అడ్డంగా పూసి, రాత్రంతా వదిలి, తెల్లవారి పొడిగుడ్డతో మృదువుగా తుడవాలి. తడిమీద రాస్తే ఆ గీతలు చెరగవు.

చెక్కపలకలకూ ఇదే పద్ధతి. మార్కాపురం రాతిపలకలకు మాత్రం ఇంత శ్రమ అక్కరలేదు. నలిపిన ఆకుతో, చిటికెడు బొగ్గుపొడితో రుద్ది కడిగితే చాలు. పసరు మరక బట్టలకు అంటితే ఒక పట్టాన వదలదు కాబట్టి పిల్లలకు ఆ రోజు పాత బట్టలు వేసి పంపమని ఇళ్ళకు ముందే కబురు చేయాలి.