సైకిల్‌పై పాత వీధులు, వీధి తిండి: బయల్దేరే ముందు

ఆగి ఉన్న కార్లకు కనీసం ఒక మీటరు ఎడంగా తొక్కండి. తలుపు ఒక్కసారిగా తెరుచుకుంటే బ్రేక్ వేసే టైమ్ కూడా ఉండదు. సందు మరీ ఇరుకైతే దిగి నడిపించుకెళ్లండి, అందులో నామోషీ ఏమీ లేదు.

కళ్లముందు వండి, పొగలు కక్కుతుండగా ఇచ్చిందే తినండి. 5 నుంచి 60 డిగ్రీల మధ్య క్రిములు వేగంగా పెరుగుతాయి. 2 గంటలకు మించి బయట ఉన్నది వద్దు. ఎండ మండిపోతుంటే 1 గంటే.

ఐస్ వద్దు. గడ్డకట్టినంత మాత్రాన క్రిములన్నీ చావవు.

సబ్బు, నీళ్లు వెంట ఉంచుకోండి. జిడ్డు, మట్టి అంటిన చేతులకు శానిటైజర్ సరిగా పనిచేయదు.

తాళం ఫ్రేమ్‌నీ, కదలని స్తంభాన్నీ కలిపి వేయండి. చక్రానికే వేస్తే, దాన్ని వదిలేసి మిగతాది పట్టుకుపోతారు.

టైర్లలో గాలి చూసుకోండి. తక్కువైతే రాళ్ల దారిలో ట్యూబు నలిగి పంక్చరవుతుంది.