గుమ్మడి చీజ్‌కేక్ నాలుగో పాఠం: మధ్యలో ఊగుతుండగానే ఓవెన్ ఆపేయండి

పోయిన పాఠం మిశ్రమం కలపడం దగ్గర ఆపాను, కాల్చడం ఈసారి చెబుతానన్నాను. కానీ కలిపి పెట్టుకున్న మిశ్రమాన్ని చూస్తూ ఎవరు మాత్రం ఊరుకుంటారు? చాలామంది తమకు తోచినట్టు కాల్చేశారు, ఏం జరిగిందో నాకు చెప్పారు కూడా. విన్నవన్నీ పక్కపక్కన పెట్టి చూస్తే మూడే రకాలు. కోస్తే లోపల తెల్లటి ఉండలు, అడుగున బిస్కట్ పొర నానిపోయి ముద్దవడం, పైన ఈ చివర నుంచి ఆ చివరికి చీలిక. అసలు ఈ పాఠమంతా గింజల పొర గురించే రాద్దామనుకున్నాను. కింద కేక్ సరిగ్గా లేకపోతే పైన ఎన్ని గింజలు పేర్చినా లాభం లేదు కాబట్టి ముందు ఈ మూడూ తేల్చుకుందాం.

ఉండల సంగతి చిన్నది. క్రీమ్ చీజ్‌ని ఫ్రిజ్‌లోంచి తీసి నేరుగా గిన్నెలో వేశారు, అంతే. వేలితో నొక్కితే మెత్తగా లోపలికి దిగిపోవాలి, అప్పుడే బీటర్ పట్టుకోండి. గుడ్లు వేయకముందు ఉండలు కనిపిస్తే ఇంకాసేపు కొట్టి సరిచేయొచ్చు. గుడ్లు పడ్డాక మాత్రం బీటర్ జోలికి వెళ్లొద్దు, మిశ్రమంలోకి గాలి ఎక్కుతుంది, ఆ గాలి ఓవెన్‌లో ఉబ్బి బయటికొచ్చాక కుంగిపోతుంది. అప్పుడిక దారి జల్లెడే. గరిటెతో నొక్కుతూ వడకట్టేయండి, ఐదు నిమిషాల పని. నేనైతే ఉండలున్నా లేకపోయినా ప్రతిసారీ వడకడతాను.

అడుగు నానిపోవడంలో తప్పు నాది. గుజ్జులో నీరు తీసేయండి అని ఒక్క ముక్క రాసి ఊరుకున్నాను, ఎంత తీయాలో చెప్పలేదు. గుమ్మడి గుజ్జులో పదింట తొమ్మిది వంతులు నీళ్లే. మన కొలతకి, అంటే 23 సెంటీమీటర్ల టిన్, 680 గ్రాముల క్రీమ్ చీజ్, 200 గ్రాముల బ్రౌన్ షుగర్, 120 గ్రాముల సోర్ క్రీమ్, మూడు గుడ్లకి, 425 గ్రాముల గుజ్జు తీసుకుని దాన్ని 320 గ్రాముల దగ్గరికి తేవాలి. వెడల్పాటి పాన్‌లో మధ్యస్థంగా మంట పెట్టి కలుపుతూ ఉండండి. మొదట బుడగలు చిటపటమని పైకి చిమ్ముతాయి, తర్వాత ఆవిరి తగ్గుతుంది, రంగు నారింజ నుంచి కాస్త ఇటుక రంగుకి తిరుగుతుంది. గరిటెతో మధ్యలో గీత గీస్తే పాన్ అడుగు కనిపించి, గుజ్జు వెంటనే వచ్చి మూసేయకుండా రెండు క్షణాలు ఆగితే అయిపోయినట్టే. దించి పూర్తిగా చల్లారనిచ్చి తూకం వేయండి. దాల్చినచెక్క, శొంఠి, జాజికాయ, లవంగం పొడులు గుజ్జు ఇంకా వేడిగా ఉండగానే వేసేస్తే వాసన బాగా పడుతుంది, తర్వాత చీజ్‌లో విడిగా కలపాల్సిన పనుండదు.

ఇంకో రెండు మాటలు. డబ్బాలో గుజ్జు కొనేవాళ్లు చూసుకోండి, దాని మీద ‘పై ఫిల్లింగ్’ (pie filling) అని ఉంటే అది మనకు పనికిరాదు, అందులో చక్కెర, మసాలా ముందే ఉంటాయి. ఇంట్లో కాయ ఉడికించి గుజ్జు చేసుకునేవాళ్లు హాలోవీన్‌కి చెక్కి లోపల దీపం పెట్టే పెద్ద కాయలు తీసుకోవద్దు, పీచూ నీరూ తప్ప రుచి ఉండదు. చిన్న తియ్యగుమ్మడి కానీ బటర్‌నట్ గుమ్మడి కానీ సగానికి కోసి ఓవెన్‌లో కాల్చుకోండి, నీళ్లలో ఉడికించొద్దు.

బిస్కట్ పొర నానడానికి ఇంకో కారణం కూడా ఉండొచ్చు, కాల్చేటప్పుడు టిన్‌ని పెట్టే నీళ్ల ట్రేలోంచి టిన్‌లోకి నీరు దిగడం. మీది ఏదో కనిపెట్టడం తేలిక. అడుగంతా ఒకేలా మెత్తబడితే గుజ్జు నీరు, అంచు చుట్టూ మాత్రమే తడిస్తే ట్రే నీరు. స్ప్రింగ్‌ఫామ్ టిన్‌కి, అంటే పక్క గోడ విప్పి తీయగలిగే మన టిన్‌కి, కింద సన్నటి సందు ఉంటుంది, ఫాయిల్ రెండు పొరలు చుట్టినా ఎక్కడో చిన్న చిరుగు పడితే చాలు. నేను ఫాయిల్ మానేసి చాలా కాలమైంది. 23 టిన్‌ని 25 సెంటీమీటర్ల మామూలు కేక్ టిన్‌లో దింపి, ఆ రెండింటినీ కలిపి నీళ్ల ట్రేలో పెడతాను. మధ్యలో గాలి పొర ఉంటుంది కాబట్టి ఇంకో పది నిమిషాలు పట్టొచ్చు, ఆ మాత్రం ఆగడం నాకు నయం.

ఇక చీలిక. ఓవెన్ 160 డిగ్రీల సెల్సియస్, ఫ్యాన్ ఉన్నదైతే 140. ట్రేలో మరిగే నీళ్లు టిన్ ఎత్తులో సగం దాకా. ఇంతవరకూ దాదాపు అందరూ సరిగ్గానే చేశారు. దెబ్బతిన్నది ఆ తర్వాత, ఉడికిందా లేదా అని పుల్ల గుచ్చి చూసిన చోట.

దయచేసి చీజ్‌కేక్‌లో పుల్ల గుచ్చొద్దు. ఇది నన్ను చాలాకాలంగా బాధపెడుతున్న అలవాటు, ఎందుకో వివరంగా చెబుతాను. మామూలు కేక్‌లో పిండి ఉంటుంది, అది ఉడికితే పొడిబారి రొట్టెలా నిలుస్తుంది, పుల్ల శుభ్రంగా రావడానికి అక్కడ అర్థం ఉంది. చీజ్‌కేక్ పేరుకే కేక్. నిజానికి ఇది గుడ్డుతో గట్టిపడే కస్టర్డ్, వేడిగా ఉన్నప్పుడు మెత్తగా, తడిగానే ఉంటుంది, చల్లబడ్డాక బిగుసుకుంటుంది. వేడి చీజ్‌కేక్‌లో గుచ్చిన పుల్లకి ఏమీ అంటకుండా వచ్చిందంటే అది ఉడికి చాలాసేపయిందని అర్థం. గుడ్డులోని ప్రోటీన్ అతిగా బిగిసి, పట్టుకున్న నీటిని వదిలేయడం మొదలుపెట్టి ఉంటుంది. తింటుంటే నోట్లో ఇసకలా తగిలేది అదే. చల్లారేటప్పుడు కేక్ ముడుచుకుంటుంది, అంచులు టిన్‌ని పట్టుకుని వదలవు, మధ్యలో సాగే గుణం పోయి ఉంటుంది, దాంతో చీలుతుంది. చీలిక ఓవెన్‌లో కనిపించకపోవచ్చు, బయటపెట్టిన గంటకి కనిపించవచ్చు, కానీ బీజం ఓవెన్‌లోనే పడింది.

అంకెల్లో చెప్పాలంటే, కేక్ నడిమధ్య 65, 66 డిగ్రీలు రాగానే ఆపేయాలి. 71 దాటితే చీలిక భయం మొదలైనట్టే. ఆపేశాక కూడా అంచుల్లో ఉన్న వేడి లోపలికి నడుస్తూనే ఉంటుంది, మధ్య ఇంకో నాలుగైదు డిగ్రీలు పెరుగుతుంది, మిగతా ఉడకడం అప్పుడు జరుగుతుంది. నీళ్ల ట్రే పెట్టించింది కూడా దీనికోసమే. నీరు 100 దాటి వేడెక్కదు కాబట్టి ఓవెన్ 160లో ఉన్నా అంచులు మాడవు, మధ్య భాగం వచ్చి అందుకునేదాకా ఓపిగ్గా ఉంటాయి.

థర్మామీటర్ లేనివాళ్లకి కన్ను చాలు. టిన్ పక్కన గ్లవ్ వేసుకున్న చేత్తో ఒక్కసారి మెల్లగా తట్టండి. అంచు నుంచి రెండంగుళాలు లోపలిదాకా కదలకుండా, కాస్త ఉబ్బి, మెరుపు తగ్గి ఉండాలి. మధ్యలో అరచేయంత భాగం ఊగాలి. ఎలా ఊగాలన్నదే అసలు విషయం. తోడుకున్న పెరుగు గిన్నెని తడితే మొత్తం ఒక ముద్దగా వణుకుతుంది చూశారా, అలా. నిండు గ్లాసులో నీళ్లలా అల లేచి అంచుకి కొట్టిందంటే ఇంకా పచ్చిగా ఉంది, ఏడెనిమిది నిమిషాలాగి మళ్లీ తట్టండి. అల కాకుండా వణుకు మాత్రమే ఉంటే ఆ క్షణమే ఆపండి. అస్సలు వణక్కపోతే ఆలస్యమైపోయింది. మీ కళ్లకి అది ఉడకనట్టే కనిపిస్తుంది, ఇంకో పది నిమిషాలు ఉంచుదామని చెయ్యి లాగుతుంది, ఇంటికి పదిమంది వస్తున్నారంటే ఆ టెన్షన్ ఇంకా ఎక్కువ. అక్కడ ఆగగలిగితే ఈ కేక్ మీకు వచ్చేసినట్టే. సుమారు 60 నిమిషాల నుంచి చూడటం మొదలుపెట్టండి, కొన్ని ఓవెన్లలో 75 కూడా పడుతుంది, నేను చెప్పిన నిమిషాల కంటే మీరు చూసిన వణుకుని నమ్మండి. మీ ఓవెన్ బయట 160 చూపిస్తూ లోపల ఇంకో వేడిలో ఉండొచ్చు, చిన్న ఓవెన్ థర్మామీటర్ ఒకటి కొని లోపల పెడితే ఆ అనుమానం తీరుతుంది.

థర్మామీటర్ గుచ్చితే చిల్లు పడదా అంటారేమో. పడుతుంది. ఒక్కసారి, నడిమధ్యలో, చివర్లో గుచ్చండి, ఆ చిల్లు గింజల కింద దాక్కుంటుంది. ప్రతి పది నిమిషాలకీ వేర్వేరు చోట్ల గుచ్చితే మాత్రం అక్కడి నుంచే చీలుతుంది.

చల్లార్చడం ఇలా. ఓవెన్ ఆపి, తలుపు సందులో చెక్క గరిటె ఇరికించి గంటసేపు అలాగే వదిలేయండి. తర్వాత బయటికి తీసి, పల్చటి చాకుని టిన్ గోడకి ఆనించి చుట్టూ ఒక రౌండు తిప్పండి. ఈ పని మర్చిపోవద్దు, అంచు ఊడితే ముడుచుకున్నా లోపలికి జరుగుతుంది కానీ చీలదు. గది వేడికి వచ్చాక ఫ్రిజ్‌లో కనీసం ఎనిమిది గంటలు. టిన్ విప్పడం ఆ తర్వాతే.

గింజల పొర. రెండు దారులున్నాయి. పిండి, వెన్న, చక్కెర, గింజలు పొడిపొడిగా కలిపి కాల్చే చివరి పావుగంటలో పైన చల్లడం ఒకటి, దాని జోలికి నేను వెళ్లను, పైన కప్పేస్తే వణుకు ఎలా కనిపిస్తుంది? నాకు నచ్చింది రెండోది, చల్లారిన కేక్ మీద వెన్న చక్కెర పాకంలో తడిసిన గింజలు పరచడం.

120 గ్రాముల పెకాన్లు (అక్రోట్లలాంటి గింజలు) 175 డిగ్రీల ఓవెన్‌లో ఎనిమిది నుంచి పది నిమిషాలు. ఘుమఘుమ వాసన వంటింట్లోకి రాగానే తీసి వేరే పళ్లెంలోకి మార్చేయండి, వేడి ట్రేలోనే వదిలితే మాడతాయి. అక్రోట్లు కూడా బాగుంటాయి, కాకపోతే వాటి పొట్టు కాస్త చేదు, వేయించాక బట్టలో వేసి రుద్దితే చాలావరకు రాలిపోతుంది. గిన్నెలో 60 గ్రాముల వెన్న, 100 గ్రాముల బ్రౌన్ షుగర్, 60 మిల్లీలీటర్ల క్రీమ్, చిటికెడు ఉప్పు వేసి కరిగించండి. మరుగు వచ్చాక సరిగ్గా రెండు నిమిషాలు. బుడగలు మొదట చిన్నగా గలగలా వస్తాయి, తర్వాత పెద్దవై బరువుగా, నెమ్మదిగా పగులుతాయి, అప్పుడు దించండి. గింజలు కలిపి గోరువెచ్చగా అయ్యేదాకా ఆగి, చెంచాలోంచి దారంలా కాక పట్టీలా జారుతున్నప్పుడు కేక్ మీద పరవండి. వేడిగా పోస్తే పై పొర కరిగి పాకం అంచుల మీంచి కారిపోతుంది.

పాకంలో ఉన్న గింజ రాత్రంతా ఫ్రిజ్‌లో ఉంటే మెత్తబడుతుంది. అందుకే కేక్ రెండ్రోజుల ముందు చేసుకోండి, గింజల పొర మాత్రం వడ్డించే రోజునే. శరదృతువు విందుల్లో వచ్చేవాళ్లందరి సంగతీ మనకు తెలియదు కదా, గింజలు పడనివాళ్లున్నారా అని ముందే అడగండి. ఉన్నారంటే పైన పరిచి తర్వాత ఏరేస్తే సరిపోదు, వాళ్లకి విడిగా చిన్న గిన్నెలో గింజ తగలకుండా చేసి పెట్టాలి, కోసే చాకు కూడా వేరుగా ఉండాలి. మామూలుగా కోయడానికి చాకుని వేడినీళ్లలో ముంచి, తుడిచి, కోసి, మళ్లీ తుడవడమే.

ఈసారి అభ్యాసం కాస్త కష్టమే, అయినా చేయమనే అంటాను. మిశ్రమంలో మూడో వంతు కలపండి, అంటే 226 గ్రాముల క్రీమ్ చీజ్, 105 గ్రాముల దగ్గరపడిన గుజ్జు, 65 గ్రాముల చక్కెర, 40 గ్రాముల సోర్ క్రీమ్, ఒక గుడ్డు. ఒకే కొలత ఉన్న నాలుగు చిన్న పింగాణీ గిన్నెల్లో సమానంగా తూచి పోయండి, బిస్కట్ పొర వద్దు. అదే నీళ్ల ట్రే, అదే 160. 18వ నిమిషం నుంచి తట్టి చూస్తూ ఉండండి. అల పోయి వణుకు మొదలైన నిమిషం రాసుకుని మొదటి గిన్నె తీయండి, తర్వాత నాలుగేసి నిమిషాలకి ఒక్కోటి. తీసిన నిమిషం కాగితం మీద రాసి గిన్నెకి అంటించండి. రాత్రంతా ఫ్రిజ్‌లో ఉంచి, మర్నాడు నాలుగూ పక్కపక్కన పెట్టి ముందు మధ్యలోంచి, తర్వాత అంచు నుంచి చెంచాతో తీసి రుచి చూడండి. ఏ గిన్నెలో చెంచా జారింది, ఏ గిన్నెలో ఇసక తగిలింది, ఏ గిన్నె అంచున నీరు ఊరింది, రాసి పెట్టుకోండి. ఆ కాగితం దగ్గరుంచుకునే ఐదో పాఠానికి రండి.