అమెరికా సైన్యంలో ఉన్నవారికి డబ్ల్యూ-2 చిక్కులు: ఏ సమస్యకు ఏది కారణం, ఏం చేయాలి

జనవరి సగం దాటితే చాలు, అమెరికా సైన్యంలో పిల్లలున్న తెలుగు ఇళ్లలో ‘డబ్ల్యూ-2 ఇంకా రాలేదు’ అన్న మాట మొదలవుతుంది. ఏడాదిలో ఎంత జీతం ఇచ్చారు, అందులోంచి ఎంత పన్ను పట్టుకున్నారు అని యజమాని రాసిచ్చే కాగితం అది. సాఫ్ట్‌వేర్ ఉద్యోగి అయితే కంపెనీ హెచ్‌ఆర్‌ను అడుగుతాడు. సైనికుడు ముందు ఎవరిని అడగాలో తేల్చుకోవాలి. నేను చూసిన ఇబ్బందుల్లో ఎక్కువ భాగం కాగితం తయారుకాక వచ్చినవి కావు, అడగాల్సిన చోట అడగక వచ్చినవే. అందుకే మొదటి ప్రశ్న ఎప్పుడూ ఇదే: ఆ ఏడాది మీకు జీతం ఇచ్చింది ఎవరు?

మైపేలో డబ్ల్యూ-2 కనిపించడం లేదు

ఆర్మీ, నేవీ, ఎయిర్ ఫోర్స్, స్పేస్ ఫోర్స్, మెరైన్ కోర్ సిబ్బంది జీతాల లెక్కలు చూసేది రక్షణ శాఖలోని డీఎఫ్ఏఎస్. సైనికుల నోట్లో అది ‘డీఫాస్’. దాని వెబ్‌సైటు పేరు మైపే. డబ్ల్యూ-2లు అందరికీ ఒకే రోజున పెట్టరు, దళాలవారీగా విడతల్లో వస్తాయి. మీ తోటి మెరైన్‌కు వచ్చి మీకు రాలేదంటే చాలాసార్లు అంతకంటే పెద్ద కారణం ఉండదు. ఏ దళానికి ఏ తేదీన వస్తుందో డీఎఫ్ఏఎస్ ఏటా తన సైటులో పట్టిక పెడుతుంది. చట్టం ప్రకారం జనవరి 31లోగా ఇవ్వాలి కాబట్టి ఆ తేదీ వరకు కంగారు అక్కర్లేదు.

కోస్ట్ గార్డ్‌లో ఉన్నవారు మాత్రం మైపేలో ఎంత వెతికినా లాభం లేదు. వాళ్లు హోంలాండ్ సెక్యూరిటీ శాఖ కిందకి వస్తారు. వాళ్ల జీతాల కేంద్రం కాన్సస్ రాష్ట్రంలోని టొపీకాలో ఉంది, డబ్ల్యూ-2 డైరెక్ట్ యాక్సెస్ అనే సైటులో దొరుకుతుంది.

పదవీ విరమణ చేసి పింఛను తీసుకుంటున్నవారికి వచ్చే కాగితం పేరే వేరు, అది 1099-ఆర్. ఏడాది మధ్యలో రిటైరైతే అంతవరకు జీతానికి డబ్ల్యూ-2, ఆ తర్వాత పింఛనుకు 1099-ఆర్, రెండూ వస్తాయి. ఇక మాజీ సైనికుల శాఖ ఇచ్చే వైకల్య పరిహారానికి, జీఐ బిల్లు కింద వచ్చే చదువు సాయానికి పన్ను లేదు. వాటి కోసం ఏ కాగితమూ రాదు, ఎదురుచూడకండి.

పోస్టులో రాలేదు

మైపేలో కాగితపు ప్రతి కావాలా వద్దా అని అడిగే చోట ‘వద్దు’ అని ఉంటే పోస్టులో ఏమీ రాదు. ‘కావాలి’ అని ఉండీ రాలేదంటే పాత బేస్ చిరునామాకు వెళ్లి ఉంటుంది. బదిలీలు మామూలైన ఉద్యోగంలో ఇది తరచూ జరుగుతుంది. ఆ ఉత్తరం మీద సోషల్ సెక్యూరిటీ వివరాలు ఉంటాయి కాబట్టి దాని కోసం కాచుకు కూర్చోకుండా మైపేలోనే దించుకుని ముద్రించుకోండి. రిటర్నుకు అది పూర్తిగా చెల్లుతుంది. చిరునామాను మాత్రం ఆ రోజే సరిచేయండి.

మైపేలోకే వెళ్లలేకపోతున్నాను

ఉద్యోగంలో ఉన్నవారికి దగ్గరి దారి క్యాక్ కార్డు, అంటే సైన్యం ఇచ్చే చిప్పున్న గుర్తింపు కార్డు. కార్డు రీడర్ ఉన్న కంప్యూటర్‌లో దానితో లోపలికి వెళ్లి కొత్త పాస్‌వర్డ్ పెట్టుకోవచ్చు. ఇంటి నుంచి ప్రయత్నించేవారు ఎక్కువగా ఆగిపోయేది ఒకసారి వాడే కోడ్ దగ్గర. అది పాత ఫోను నంబరుకో, ఎప్పుడో వదిలేసిన ఈమెయిలుకో వెళుతుంటుంది. కార్డుతో లోపలికి వెళ్లి ముందు ఆ రెండూ మార్చండి. సొంత ఈమెయిలు తప్పకుండా ఇవ్వండి, ఎందుకంటే సైన్యం ఇచ్చే డాట్ మిల్ ఈమెయిలు ఉద్యోగంతో పాటే పోతుంది.

కార్డు లేదు, కోడూ రావడం లేదు అంటే తాత్కాలిక పాస్‌వర్డ్ కోరాలి. అది రికార్డులో ఉన్న చిరునామాకు పోస్టులో వస్తుంది, రోజులు పడుతుంది. కనుక ఏప్రిల్ మొదటి వారంలో గుర్తుకొచ్చే పని కాదిది.

భర్తో భార్యో విదేశంలో విధుల్లో ఉంటే, వాళ్ల పాస్‌వర్డ్ ఇంట్లో రాసిపెట్టుకోవడం మంచి పద్ధతి కాదు. చూడటానికి మాత్రమే పనికొచ్చే పరిమిత ఖాతాను మైపేలో సైనికుడే సృష్టించి ఇవ్వవచ్చు. దాంతో ఇంట్లోవాళ్లు జీతం చీటీ, డబ్ల్యూ-2 చూడగలరు, దేన్నీ మార్చలేరు. విధులకు బయలుదేరే ముందు చేయాల్సిన పనుల్లో దీన్ని తప్పక చేర్చుకోండి.

ఒక హెచ్చరిక. ‘మీ డబ్ల్యూ-2 సిద్ధం, ఇక్కడ నొక్కండి’ అంటూ వచ్చే ఈమెయిళ్లలో దొంగవి చాలా ఉంటాయి. లింకు నొక్కకుండా సైటు చిరునామాను మీరే టైపు చేయండి, చివర డాట్ మిల్ ఉండాలి. వచ్చిన పీడీఎఫ్‌ను వాట్సాప్‌లో బంధువులకు పంపి ‘ఇది సరిగా ఉందా చూడండి’ అనడం మన ఇళ్లలో మామూలైపోయింది. దయచేసి మానండి. ఆ ఒక్క పేజీతో మీ పేరిట దొంగ రిటర్ను వేసి రీఫండు కొట్టేయవచ్చు.

సర్వీసు వదిలేశాను, ఇప్పుడెలా?

నిజంగా ఇబ్బంది పడేది వీళ్లే. విడుదల రోజున క్యాక్ కార్డు తిరిగి ఇచ్చేస్తారు, పాస్‌వర్డ్ ఎప్పుడూ పెట్టుకుని ఉండరు, ఇల్లు మారి ఉంటారు. మైపే ఖాతా మాత్రం విడుదలైన వెంటనే పోదు. సుమారు ఏడాది పాటు పనిచేస్తుంది, అంటే చివరి డబ్ల్యూ-2 వచ్చేదాకా సాధారణంగా అందుబాటులోనే ఉంటుంది. కాబట్టి విడుదలకు ముందు వారం కూర్చుని సొంత ఈమెయిలు, ఫోను, కొత్త చిరునామా, పాస్‌వర్డ్ అన్నీ సరిచూసుకోవాలి. పాత డబ్ల్యూ-2లు, ఎల్ఈఎస్ జీతం చీటీలు అన్నీ దించుకుని భద్రపరచుకోవాలి. ఆ పని ఇంకా చేయని వారు ఎవరైనా ఇది చదువుతుంటే, ఇవాళే చేయండి.

ఖాతా మూసుకుపోయిన వారు డీఎఫ్ఏఎస్ సైటులోనే ఉన్న ఆస్క్‌డీఎఫ్ఏఎస్ అనే చోట పన్ను పత్రం కోసం అర్జీ పెట్టుకోవచ్చు. కొన్నేళ్ల కిందటిది కావాలంటే పన్నుల శాఖ ఐఆర్ఎస్‌ను అడగడం మేలు. ఐఆర్ఎస్ సైటులో ఖాతా తెరిచి గానీ, 4506-టీ ఫారం పంపి గానీ వేతన వివరాల నకలు ఉచితంగా పొందవచ్చు, పదేళ్ల వరకు వెనక్కి దొరుకుతాయి. అందులో రెండు లోపాలున్నాయి: రాష్ట్ర పన్ను వివరాలు ఉండవు, ఈ మధ్యనే ముగిసిన ఏడాది లెక్క వెంటనే పూర్తిగా రాదు.

ఒకటి వచ్చింది, కానీ జీతం మొత్తం అందులో లేదు

రిజర్వు, నేషనల్ గార్డ్ వాళ్లకు ఇది తరచూ ఎదురవుతుంది. ఒకే ఏడాదిలో కొన్నాళ్లు పూర్తికాల సర్వీసు, కొన్నాళ్లు వారాంతపు డ్రిల్లు చేస్తే జీతం రెండు వేర్వేరు వ్యవస్థల నుంచి వచ్చి ఉండవచ్చు. అప్పుడు డబ్ల్యూ-2లు రెండు ఉంటాయి. వరదో, తుపానో వచ్చినప్పుడు గవర్నర్ ఆదేశంతో రాష్ట్రం తరఫున పనిచేసిన గార్డ్ సభ్యులకు ఆ రోజుల జీతం రాష్ట్రమే ఇస్తుంది. ఆ డబ్ల్యూ-2 మైపేలో కనపడదు, రాష్ట్రాన్నే అడగాలి. విద్యా రుణం తీర్చే పథకంలో ప్రభుత్వం కట్టిన మొత్తానికి కూడా విడిగా ఒకటి రావచ్చు. దాన్ని వదిలేసి రిటర్ను వేస్తే కొన్ని నెలల తర్వాత ఐఆర్ఎస్ నుంచి నోటీసు వస్తుంది.

అంకెలు తప్పుగా ఉన్నట్టున్నాయి

ముందుగా డిసెంబరు ఎల్ఈఎస్ తీయండి. అందులో ఫెడరల్ పన్నుల వరుసలో ‘వేజ్ వైటీడీ’ అని ఒక గడి ఉంటుంది. డబ్ల్యూ-2లో 1వ గడిలోని అంకె దానితో సరిపోవాలి. సరిపోతే డబ్ల్యూ-2 దాదాపు ఎప్పుడూ సరైనదే, మన అంచనాయే వేరుగా ఉండి ఉంటుంది.

అంచనా ఎందుకు తప్పుతుందంటే, చేతికొచ్చే డబ్బంతా పన్ను పడే ఆదాయం కాదు. ఇంటి అద్దె కోసం ఇచ్చే బీఏహెచ్, భోజనానికి ఇచ్చే బీఏఎస్ డబ్ల్యూ-2లోకి రావు. టీఎస్‌పీ అనే రిటైర్‌మెంట్ పొదుపులో సంప్రదాయ పద్ధతిలో వేసినది 1వ గడి నుంచి తీసేసి 12వ గడిలో ‘డీ’ అక్షరంతో చూపిస్తారు. రాత్ పద్ధతిలో, అంటే పన్ను పోగా మిగిలిన జీతంలోంచి, వేసినది ‘ఏఏ’ కింద ఉంటుంది, అది 1వ గడిని తగ్గించదు.

యుద్ధ ప్రాంతంలో పనిచేసినవారి డబ్ల్యూ-2 చూస్తే మరీ అయోమయంగా ఉంటుంది. ఒక ఊహా లెక్క చూడండి. ఒక సార్జెంటు మూలవేతనం నెలకు 4,000 డాలర్లు, ఏడాదికి 48,000. అందులో 5 నెలలు యుద్ధ ప్రాంతంలో ఉన్నాడు. ఆ 20,000కు ఆదాయపు పన్ను లేదు కాబట్టి 1వ గడిలో 28,000 ఉంటుంది, 12వ గడిలో ‘క్యూ’ అక్షరం పక్కన 20,000 కనిపిస్తుంది. సోషల్ సెక్యూరిటీ, మెడికేర్ పన్నులు మాత్రం ఆ నెలలకూ పట్టుకుంటారు, అందుకే 3, 5 గడుల్లో 48,000 అలాగే ఉంటుంది. నెలలో ఒక్క రోజు అక్కడ ఉన్నా ఆ నెల మొత్తం లెక్కలోకి వస్తుంది. అధికారులకు ఈ మినహాయింపు మీద ఒక పరిమితి ఉంది.

బోనస్ వచ్చిన ఏడాది ఇందుకు తలకిందులు. సైనికుల సోషల్ సెక్యూరిటీ పన్ను మూలవేతనం మీదే లెక్కిస్తారు, బోనస్ మీద కాదు. కాబట్టి 1వ గడి 3వ గడి కంటే పెద్దదిగా కనిపించవచ్చు. అది పొరపాటు కాదు.

హైదరాబాద్ నుంచి పనిచేసే ట్యాక్స్ సంస్థలతో రిటర్ను వేయించుకునే అలవాటు అమెరికా తెలుగువారిలో చాలామందికి ఉంది. కంపెనీ ఉద్యోగి డబ్ల్యూ-2లో ఈ ‘క్యూ’ ఉండదు. అందువల్ల వేసేవారికి దాని గురించి తెలుసో లేదో ముందే అడగండి. తక్కువ ఆదాయ కుటుంబాలకు వచ్చే ఈఐటీసీ అనే పన్ను రాయితీ లెక్కలో ఆ మొత్తాన్ని కలుపుకోవచ్చు, మానేయవచ్చు. రెండు విధాలా వేసి చూసి లాభమున్నది ఎంచుకోవాలి. రక్షణ శాఖ నడిపే సహాయ కేంద్రం మిలిటరీ వన్‌సోర్స్ వారి మిల్‌ట్యాక్స్ సేవలో ఇవన్నీ తెలిసిన సలహాదారులు ఉచితంగా దొరుకుతారు. సర్వీసు విడిచిన 365 రోజుల వరకు ఆ సేవ వర్తిస్తుంది.

నిజంగానే తప్పుందనుకోండి, ఉదాహరణకు యుద్ధ ప్రాంతంలో గడిపిన నెలలు నమోదు కాలేదు. అప్పుడు ఆదేశాల ప్రతులతో మీ యూనిట్ ద్వారా ఫైనాన్స్ ఆఫీసుకు వెళ్లాలి. వాళ్లు లెక్క సరిచేస్తే డబ్ల్యూ-2సీ అనే సవరించిన పత్రం వస్తుంది. ఈలోగా రిటర్ను వేసేసి ఉంటే దాన్ని సవరించే 1040-ఎక్స్ ఫారం వేయాలి.

రాష్ట్రం తప్పు పడింది

15వ గడిలో ఉండేది మీ చట్టబద్ధ నివాస రాష్ట్రం, పోస్టింగు ఉన్న రాష్ట్రం కాదు. కాలిఫోర్నియాలో ఉండగా సైన్యంలో చేరి టెక్సస్‌లోని ఫోర్ట్ బ్లిస్‌కు వెళ్లినంత మాత్రాన టెక్సస్ వాసి అయిపోరు. నిజంగా అక్కడే స్థిరపడే ఉద్దేశం ఉండి, ఓటు, డ్రైవింగ్ లైసెన్సు వంటివి అక్కడికి మార్చుకుంటే డీడీ 2058 ఫారం ఇచ్చి మార్పించుకోవచ్చు. గడిచిన ఏడాదిలో పొరపాటున పట్టుకున్న పన్ను కోసం ఆ రాష్ట్రానికే రిటర్ను వేసి తిరిగి అడగాలి.

పేరు సరిపోక రిటర్ను తిరిగొచ్చింది

మనవాళ్లకు ఎక్కువగా వచ్చే చిక్కు ఇది. ఇంటిపేరు ముందు, పేరు తర్వాత రాసుకునే అలవాటు. పాస్‌పోర్టులో ఇంటిపేరు గడి ఖాళీగా వదిలేయడం వల్ల వీసాలో ‘ఎఫ్ఎన్‌యూ’ (మొదటి పేరు తెలియదు) అని పడటం. పౌరసత్వం వచ్చిన రోజున పేరు సరిచేసుకుని సోషల్ సెక్యూరిటీ కార్డును మాత్రం మరచిపోవడం. ఆన్‌లైన్‌లో వేసిన రిటర్నులో చివరి పేరులోని మొదటి నాలుగు అక్షరాలను సోషల్ సెక్యూరిటీ నంబరుతో పోల్చి చూస్తారు, కలవకపోతే తిప్పి పంపుతారు. కనుక రిటర్నులో కార్డు మీదున్న పేరే రాయండి. మార్చాలంటే ముందు సోషల్ సెక్యూరిటీ ఆఫీసు, తర్వాత సైన్యపు సిబ్బంది రికార్డు, ఈ వరుసలో వెళ్లాలి. ఆర్మీలో అయితే యూనిట్‌లో సిబ్బంది వ్యవహారాలు చూసే ఎస్-1 విభాగం వాళ్లు సాయం చేస్తారు.

గడువు వచ్చేసింది, కాగితం ఇంకా లేదు

ఫిబ్రవరి చివరికీ అందకపోతే ఐఆర్ఎస్‌కు 800-829-1040 నంబరుకు ఫోన్ చేయండి. ఆ తర్వాతా రాకపోతే డబ్ల్యూ-2 బదులు 4852 ఫారంతో రిటర్ను వేయవచ్చు. డిసెంబరు ఎల్ఈఎస్ దాచుకుని ఉంటే దాన్ని నింపడం తేలిక. ఏప్రిల్ 15లోగా వేయలేకపోతే 4868 ఫారంతో అక్టోబరు 15 వరకు సమయం దొరుకుతుంది, అయితే అది రిటర్ను వేయడానికే, పన్ను కట్టడానికి కాదు. విదేశంలో పోస్టింగు ఉన్నవారికి జూన్ 15 వరకు గడువు దానంతటదే పెరుగుతుంది, కట్టాల్సిన పన్ను మీద వడ్డీ మాత్రం ఏప్రిల్ నుంచే నడుస్తుంది. యుద్ధ ప్రాంతంలో ఉన్నవారికి అక్కడి నుంచి బయటపడ్డాక కనీసం 180 రోజులు ఉంటుంది, వడ్డీ కూడా పడదు. భార్యాభర్తలు కలిసి వేసే రిటర్నులో ఒకరు యుద్ధ ప్రాంతంలో ఉండి సంతకం చేయలేకపోతే, ఆ విషయం తెలుపుతూ ఒక కాగితం జతచేసి రెండోవారే ఇద్దరి తరఫునా సంతకం చేయవచ్చు.