కళ్లద్దాలు తుడిచే ముందు కడగండి

ఆషాఢం గాలి మొదలైందంటే అనంతపురంలో కళ్లద్దాలు పెట్టుకునేవాళ్ల అవస్థ చెప్పక్కర్లేదు. ఊరవతలి నుంచి బండి మీద ఇంటికి చేరేలోపు లెన్స్ మీద ఎర్రటి పొర పేరుకుంటుంది, చెయ్యేమో చొక్కా అంచు మీదికో భుజం మీది టవాలు మీదికో పోతుంది. అక్కడే ఆగండి, గీతలు పడేది అప్పుడే.

మన దుమ్ములో ఇసుక కలిసి ఉంటుంది, ఇసుకలో ఎక్కువగా ఉండేది పలుగురాయి. గట్టితనం కొలిచే మోస్ స్కేలులో దానికి 7, మామూలు కిటికీ గాజుకే 5.5 అటూ ఇటూ, ఇక ఇప్పుడు మనం వాడే లెన్సులు చాలావరకు ప్లాస్టిక్‌వే. తాడిపత్రి, బేతంచెర్ల వైపు బండలు పాలిష్ పట్టేవాళ్లను అడగండి, అంత రాయి అరిగేది కూడా ఇలాంటి గట్టి పొడి రాపిడితోనే. గుడ్డ ఎంత మెత్తదైనా మధ్యలో ఆ రేణువులు ఉన్నాక ఏం లాభం?

అందుకే ముందు నీళ్లు. చేతులు కడుక్కుని, కొళాయి సన్నగా తిప్పి, లెన్స్ రెండు వైపులా ధార కింద పెట్టండి, వేలు పెట్టి రుద్దొద్దు, దుమ్ము దానంతట అది జారిపోవాలి. కొళాయిలో నీళ్లు వచ్చే రోజు కాకపోతే చెంబుతో పోసుకున్నా చాలు. తర్వాత గిన్నెలు కడిగే లిక్విడ్ ఒక్క చుక్క వేలికి తీసుకుని లెన్స్ మీద మెల్లగా రాసి, మళ్లీ కడిగేయండి. గిన్నెల సబ్బు బిళ్ల మాత్రం ముట్టుకోవద్దు, జిడ్డు గీకడానికి అందులో పొడి కలుపుతారు. ముక్కు దగ్గర ప్యాడ్లలో పచ్చగా చేరే మురికికి మెత్తటి పాత టూత్‌బ్రష్ వాడొచ్చు కానీ ఆ కుచ్చు లెన్స్‌కి తగలనివ్వకండి. ఏ లెన్స్ తుడుస్తుంటే ఆ వైపు ఫ్రేమ్ అంచునే పట్టుకోండి, ఒక కాడ పట్టుకుని రెండో వైపు రుద్దితే ఫ్రేమ్ వంగుతుంది, స్క్రూలు వదులవుతాయి.

నీళ్ల విషయంలో మనకు ఇంకో రెండు తలనొప్పులున్నాయి. మే నెల మధ్యాహ్నం మిద్దె మీది ట్యాంకు నీళ్లు చెయ్యి కాలేలా వస్తాయి కదా, వాటితో కడగొద్దు. వేడికి ప్లాస్టిక్ సాగినంతగా పైనున్న పలుచటి పూత, అంటే కోటింగ్, సాగదు, సన్నటి నెర్రెలు వస్తాయి. ఎండలో నిలిపిన కారు డ్యాష్‌బోర్డు మీద కళ్లద్దాలు వదిలేసినా ఇదే గతి. రెండోది బోరు నీళ్లు. వాటిని అలాగే ఆరనిస్తే సున్నం తెల్లటి చుక్కలుగా మిగులుతుంది, కాబట్టి చివరిసారి ఫిల్టర్ నీళ్లు కాసిని పోసి, వెంటనే మైక్రోఫైబర్ గుడ్డతో అద్దుతూ తుడవండి. చుక్కలు పడ్డాయని నిమ్మరసం, వెనిగర్ వేయొద్దు, కోటింగ్ దెబ్బతినొచ్చు.

మా జేజి ఇప్పటికీ విబూదితో తుడుస్తానంటుంది, ఒకప్పుడు లాంతరు గ్లాసు అలాగే తోమేవాళ్లట. సరే, లాంతరు గ్లాసుకి కోటింగులు లేవు, దాంట్లోంచి ఎవరూ పేపరు చదవలేదు! విబూది, పళ్లపొడి, పేస్టు, న్యూస్‌పేపరు, టిష్యూ ఏవీ వద్దు. కిటికీ అద్దాలకు కొట్టే అమోనియా స్ప్రేలూ వద్దు. గోళ్ల రంగు తీసే రిమూవర్‌లో అసిటోన్ ఉంటే పాలీకార్బనేట్ అనే ప్లాస్టిక్‌తో చేసిన లెన్సే పాడైపోతుంది, కొన్ని ప్లాస్టిక్ ఫ్రేములు కూడా కరుగుతాయి.

మైక్రోఫైబర్ గుడ్డను కూడా అప్పుడప్పుడూ సబ్బుతో ఉతకండి, బట్టలు మెత్తబడటానికి పోసే కండిషనర్ మాత్రం వేయకండి, దాని జిడ్డంతా లెన్స్‌కే అంటుతుంది. ఉతికి గాలిలో మిద్దె మీద ఆరేస్తే మళ్లీ దుమ్మే, ఇంట్లోనే ఆరేసి కేసులో పెట్టుకోండి. బస్సులోనో పొలంలోనో ఉన్నప్పుడు బాటిల్ నీళ్లు కొంచెం పోసి తుడవండి, అవీ లేకపోతే ఇంటికి చేరేదాకా మసక మసకగానే ఓర్చుకోండి.

ఇప్పటికే పడిన గీతలు మాత్రం ఏం రాసినా పోవు, పేస్టుతో పోతాయని వీడియోల్లో చెప్పినా నమ్మకండి, రుద్దేకొద్దీ కోటింగ్ ఇంకా పోతుంది. గీత సరిగ్గా కంటి ముందు పడి చూపుకి అడ్డమొస్తుంటే లెన్స్ మార్చుకోవాల్సిందే. ఫ్రేమ్ గట్టిగా ఉంటే కొత్తది కొనకుండా అందులోకే లెన్సులు వేసిస్తారా అని షాపులో అడగండి, చాలాసార్లు కుదురుతుంది.