పరాన్నజీవి అయిన గ్రహాంతర ప్రాణికి జీవిత చక్రం కల్పించే పద్ధతి

మనిషి ఒంట్లో పెరిగే గ్రహాంతర ప్రాణి గురించి భయానక కథ రాయదలచినవారు దాని కోరలను, తోకను ఊహించడానికి ముందు, ఆతిథేయి (అది ఆశ్రయించే జీవి) నుంచి దానికి ఏమి కావాలో తేల్చుకోవాలి. ఆహారమా, ఆశ్రయమా, మరో చోటికి చేరే వాహనమా అన్నది నిర్ణయమైతే తక్కిన దశలు దానిని బట్టి ఏర్పడతాయి.

1979 నాటి 'ఏలియన్' చిత్రాన్నే చూడండి. గుడ్డులోంచి దూకిన జీవి, నౌకా సిబ్బందిలో ఒకడైన కేన్ ముఖాన్ని కరుచుకొని, లోపల పిండాన్ని నాటి, తన పని ముగియగానే ఊడిపడి చనిపోతుంది. తెలివి వచ్చిన కేన్ తోటివారితో కూర్చుని ఆకలిగా భోంచేస్తున్నప్పుడు పిల్ల అతని రొమ్ము చీల్చుకొని బయటపడుతుంది. ఆ భోజనం లేకుంటే ఆ దృశ్యానికి సగం బలం ఉండదని నా అభిప్రాయం. కనుక కథలో ఎక్కువ పేజీలు గుప్త దశకే కేటాయించాలి. రోగి కోలుకున్నట్టే కనిపించాలి, కానీ ఏదో ఒక చిన్న గుర్తు పాఠకుని కంటబడాలి.

అటువంటి గుర్తులకు పొలాల్లోనే నమూనాలున్నాయి. కాండం తొలుచు పురుగు నివారణకు మన రైతులు కట్టే ట్రైకోగ్రామా కార్డుల నుంచి వెలువడే అతి చిన్న కందిరీగలు ఆ పురుగు గుడ్లలోనే తమ గుడ్లు పెడతాయి; పురుగు గుడ్లు నల్లబడి, చివరకు వాటిలోంచి గొంగళిపురుగుకు బదులు కందిరీగ వస్తుంది. పచ్చరాయిలా మెరిసే మరో కందిరీగ బొద్దింక తలలోకి విషమెక్కించి, తనంతట తాను నడవాలన్న దాని ప్రేరణను హరించి, మీసం పట్టుకొని కలుగులోకి నడిపించుకుపోతుంది. కాళ్లు పనిచేస్తున్నా పారిపోని ఆ స్థితి మనిషికి పడితే ఎలా ఉంటుందో రాసి చూడండి.

చక్రాన్ని మూయడం మరచిపోకూడదు. గుడ్లు ఎవరు పెట్టారన్న ప్రశ్నకు మొదటి చిత్రం విడుదలైనప్పుడు జవాబు లేదు. మనుషులే గుడ్లుగా మారే సన్నివేశాన్ని చిత్రీకరించి, తొలగించి, 2003 కూర్పులో తిరిగి చేర్చారు. ఈలోగా 1986 నాటి రెండో చిత్రం గుడ్లు పెట్టే రాణిని తెచ్చింది. మీరు పాఠకులకు చెప్పినా చెప్పకున్నా, మీ చిత్తుప్రతిలో జవాబు ఉండాలి.

తర్వాత లెక్క సరిచూసుకోవాలి. ప్రతి పిల్లకూ ఒక ఆతిథేయి చనిపోవలసిందే అయితే, ఏడుగురున్న నౌకలో ఆ జాతికి దక్కేది మహా అయితే ఏడు జన్మలే. అందుచేత అరుదుగా దొరికే ఆతిథేయి కోసం ఏళ్ల తరబడి నిద్రాణంగా ఎదురుచూడగల దశ ఒకటి, సాధారణంగా గుడ్డే, మీ ప్రాణికి తప్పక ఉండాలి.